ఉమ్మికి రెండు దెబ్బలు

"మీకున్నవి నాలుగు హిట్లు. రికార్డుకి కావలసినవి పది పాటలు. మిగతా ఆరూ ఎవరి దగ్గర అరువు తెమ్మంటారు?"

వెర్లీన్ స్టిడమ్‌ని ఈ మాట అడిగినవాడు గేలన్ పర్డీ. అడిగింది బడి వంటశాలలో, ఆవిడ మొక్కజొన్న రొట్టెని ముక్కలు కోస్తుండగా. నాష్‌విల్ నుంచి పొద్దున్నే బయల్దేరి కెంటకీ కొండల్లో మలుపులన్నీ తిరిగి వచ్చినవాడు, మర్యాదకైనా ముందు ఓ కప్పు కాఫీ తాగి తర్వాత అడగొచ్చు. గేలన్‌కి అంత ఓపిక లేదు. టీవీలో ప్రకటన వేసి, ఫోన్ చేసినవాళ్ళకి పోస్టులో రికార్డులు పంపే కంపెనీ అతనిది. జనం మరిచిపోవడం మొదలుపెట్టిన గాయకుల్ని, పూర్తిగా మరిచిపోయేలోపల పట్టుకుని, అట్ట మీద "గొప్ప హిట్లు" అని అచ్చేసి అమ్ముతాడు. పాత రికార్డులు పాత కంపెనీల సొత్తు కాబట్టి, అవే పాటల్ని అదే గొంతుతో మళ్ళీ పాడిస్తాడు. చట్టానికి అభ్యంతరం లేదు. కొనేవాళ్ళలో చాలామందికి తేడా తెలియదు.

"నాలుగున్నర," అంది వెర్లీన్ కత్తి ఆపకుండా. "ఇంకోటి హిట్ల పట్టికలో సగం దాకా ఎక్కి దిగింది."

"సగం ఎక్కినవి లెక్కలోకి రావమ్మా."

"అయితే నాలుగే. మిగతా ఆరూ నేను చూసుకుంటాను. నువ్వు కాస్త పక్కకి జరుగు నాయనా, పిల్లలు వరసలో నిలబడ్డారు."

గేలన్ జరిగాడు, కానీ మాట ఆపలేదు. ప్రకటన అప్పుడే తీయించేశానన్నాడు. తెర మీద వెర్లీన్ పాత ఫొటో, పక్కన కిందనుంచి పైకి పాకే పాటల పేర్లు. అన్నిటికంటే ముందు "వాకిట్లో నీ బూట్లు". ఫోన్లు మోగేది దానికోసమే. సంతకం పెడితే రెండు వేల డాలర్లు అడ్వాన్సు. వెర్లీన్ చేతులు తుడుచుకుని, వేడి రొట్టెల పళ్ళెం పక్కనే కాగితం పెట్టుకుని సంతకం చేసింది. ఆ రెండు వేలూ నెల తిరక్కుండా ఇంటి మీద కొత్త రేకులయ్యాయి.

ఇది 1984 మాట. ఆవిడకప్పుడు యాభై ఒకటి.

పల్లెపాటల గాయనుల జీవితం రాసేటప్పుడు చిరిగిన గౌనూ, చెప్పుల్లేని కాళ్ళూ, కిరసనాయిలు దీపమూ పెట్టి కంటతడి పెట్టించడం ఒక ఆచారం. వెర్లీన్‌కి చెప్పులుండేవి. తండ్రి కలప మిల్లులో పనిచేసేవాడు, జీతం వేళకి తెచ్చేవాడు, తాగితే మాత్రం రెండు రోజులు ఇంటికి వచ్చేవాడు కాదు. వెర్లీన్ పదిహేనో ఏట పిండి మిల్లువాళ్ళు నడిపే శనివారం రేడియో కార్యక్రమంలో పాడింది. ముప్పై మూడో ఏట, రికార్డు కంపెనీలన్నీ ఉండే నాష్‌విల్ వెళ్ళింది. ఐదేళ్ళలో నాలుగు హిట్లు కొట్టింది. ఆ తర్వాత జనానికి వేరే రకం పాటలు నచ్చాయి, కంపెనీ ఫోన్ ఎత్తడం మానేసింది, ఆవిడ ఇంటికొచ్చి బడి వంటశాలలో చేరింది. గుండె పగల్లేదు. మధ్యాహ్నం రెండింటికల్లా పని అయిపోతుంది, వేసవంతా సెలవు, ఆ సెలవుల్లో జిల్లా జాతరల్లో పాడుకోవచ్చు. ఇది కూలిపోయిన జీవితం అనుకునేవాళ్ళు బడి వంటశాలలో పనిచేసి ఉండరు.

ఇక బూట్ల పాట సంగతి. తాగొచ్చిన మొగుణ్ణి గుమ్మం బయటే ఉంచిన ఆడదాని పాట అది. మొదటి చరణం తెలుగులో చెప్పుకుంటే ఇలా ఉంటుంది:

వాకిట్లో పెట్టాను నీ బూట్లు,
వాటిలో పోశాను చన్నీళ్ళు,
తలుపు కొట్టకు, కుక్క లేస్తుంది,

ఇక్కడ గొంతు ఆగుతుంది. తాళం ప్రకారం నాలుగో వరస అందుకోవలసిన చోట రెండు దెబ్బలు ఊరికే పోతాయి. ఆ తర్వాత:

దానికైనా నువ్వంటే గిట్టదు.

ఈ పాటకి డాన్సు చేసే జంటలు మొదట్లో సరిగ్గా ఆ గోతిలో పడి ఒకరి కాళ్ళు ఒకరు తొక్కుకున్నారు. తర్వాత తెలివి తెచ్చుకుని, ఆ రెండు దెబ్బలకీ బూటు మడమతో నేలని రెండు తన్నులు తన్నడం మొదలుపెట్టారు. జాతరల్లో వెర్లీన్ మూడో వరస అయ్యాక మైకు దించేసేది. దబ్, దబ్ అని చెక్క నేల మోగేది. ఒక విశ్వవిద్యాలయం ఆయన దీనిమీద పెద్ద వ్యాసమే రాశాడు. ఆ మౌనం కొండవాసుల అనాది దుఃఖమట, పూర్వీకులు దాటొచ్చిన సముద్రమట.

ఉమ్మి. అంతే.

వెర్లీన్ తల్లి ఆసీ కింది పెదవి వెనక పొగాకు పొడి కూరుకుని, వసారాలో చిక్కుళ్ళకి ఈనెలు తీస్తూ పాడేది. ఆ బాణీ, ఆ మొదటి చరణమూ ఆవిడవే, మిల్లులోంచి ఇంటికి రాని మొగుడి మీద కట్టినవి. మూడు వరసలయ్యేసరికి నోరు నిండేది. తల పక్కకి తిప్పి కాఫీ డబ్బాలోకి తుపుక్కున ఉమ్మి, నాలుగో వరస అందుకునేది. కాళ్ళ దగ్గర కూర్చున్న పిల్ల పాట ఎలా విందో అలాగే నేర్చుకుంది, గోతితో సహా. పెద్దయ్యాక మిగతా చరణాలు తను కట్టినప్పుడు కూడా ప్రతి మూడో వరస తర్వాతా గొయ్యి వదిలింది. పాటంటే అలాగే ఉంటుందనుకుంది.

1967లో నాష్‌విల్‌లో మొదటిసారి రికార్డు చేసినప్పుడు దాన్ని ఎవరూ చక్కదిద్దలేదంటే, అది కళ మీద గౌరవంతో కాదు. మూడు గంటల పనిలో ఆఖరి పది నిమిషాలు మిగిలాయి. గడియారం దాటితే వాద్యగాళ్ళకి అదనపు జీతం. ఒక్కసారి పాడించి సరిపెట్టేశారు. ఆ గదిలో గొయ్యిని ముందే కనిపెట్టినవాడు హోబర్ట్ సెక్స్‌టన్ ఒక్కడే. అతను వాయించేది స్టీల్ గిటార్, బల్లలా ముందు పెట్టుకుని తీగల మీద ఉక్కుకడ్డీ జార్చే వాయిద్యం. రెండో చరణంలో గొయ్యి రాగానే ఒక స్వరాన్ని పైనుంచి కిందికి జార్చాడు, జారిపడేవాణ్ణి చొక్కా పట్టుకుని ఆపినట్టు. పాట నిలబడింది. రేడియోలో మొదటిసారి వచ్చిన రోజు ఆసీ విని, "ఒసేయ్, నేను ఉమ్మే చోట నువ్వెందుకే ఆగావు? నువ్వు పొగాకు వెయ్యవుగా," అంది. వెర్లీన్‌కి అసలు సంగతి తెలిసింది ఆ రోజే.

గేలన్ రికార్డింగుకి బయల్దేరే పొద్దున వెర్లీన్ మొగుడు బర్ల్ బొగ్గు లారీ టైర్లు తన్ని చూసుకుంటూ ఒక సలహా పడేశాడు.

"వాళ్ళేం పాడమంటే అది పాడేసి రావే. వాన రాకముందే రేకులు పడ్డాయి. మనకదే చాలు."

"పాడతాను. నా పాట మాత్రం నా లెక్కనే."

"నీ లెక్క ఎంతో నాకు తెలుసులే. కిందటిసారి లెక్క చెప్పబోయే కదా, వాళ్ళు ఫోన్ ఎత్తడం మానేశారు."

"నువ్వూ మానెయ్యి. ఇంట్లో ప్రశాంతంగా ఉంటుంది."

నాష్‌విల్‌లో గది కిటికీల్లేకుండా చల్లగా ఉంది. వెర్లీన్ పెట్టిన షరతు ఒక్కటే, హోబర్ట్ ఉండాలి. అరవై ఎనిమిదేళ్ళ హోబర్ట్ మూలన కూర్చుని తీగలు బిగిస్తున్నాడు. మిగతా నలుగురూ గంటల లెక్కన వాయించే పనివాళ్ళు, పొద్దున ఒకరికి, సాయంత్రం ఇంకొకరికి. ఈ ఊళ్ళో వాద్యగాళ్ళకి స్వరాలు రాసివ్వరు, అంకెలు రాసిస్తారు. ఒకటి, నాలుగు, ఐదు, మళ్ళీ ఒకటి. పాట ఏ శ్రుతిలో ఉన్నా ఆ అంకెల్ని బట్టి చేతులు కదులుతాయి. భోజనాల లోపలే మూడు హిట్లూ అయిపోయాయి. బొలోనా మాంసం ముక్కలు పెట్టిన రొట్టెలు తిని వచ్చాక పియానో అతను బూట్ల పాట కాగితాలు పంచాడు. గళ్ళన్నీ సమానంగా గీసి ఉన్నాయి.

వెర్లీన్ కళ్ళజోడు పెట్టుకుని చూసింది. "ఇందులో నా ఉమ్మి ఏదీ?"

"ఏంటమ్మా?" అన్నాడు పియానో అతను.

"మూడో వరస తర్వాత రెండు దెబ్బలు. తినేశారు."

గాజు కిటికీ వెనకనుంచి గేలన్ గొంతు వచ్చింది. "నేనే తీయించానమ్మా. అప్పట్లో జనం ఇంట్లో కూర్చుని వినేవాళ్ళు. ఇప్పుడు కార్లో వింటారు. అక్కడికి రాగానే టేపు తెగిందనుకుంటారు. ఒకసారి సాపుగా పాడి చూడండి. నచ్చకపోతే అప్పుడు మాట్లాడుకుందాం."

అడిగిన పద్ధతి బాగానే ఉంది కాబట్టి వెర్లీన్ పాడింది. డ్రమ్ము అతని చెవిలో టక్ టక్ మంటూ యంత్రం కాలం చెబుతుంటే పాట నూనె రాసిన పట్టాల మీద బండిలా పోయింది. అయ్యాక అందరూ విన్నారు. గేలన్ చెయ్యెత్తి బొటనవేలు చూపించాడు.

ఇక్కడ అబద్ధం చెప్పి వెర్లీన్‌ని గొప్ప చెయ్యనక్కర్లేదు. పాట బాగుంది. పాతదానికంటే నున్నగా ఉంది. పెరిగిన వయసు గొంతులో ఒక బరువు తెచ్చిపెట్టింది, అది ఈ సాపు నడకలో ఇంకా బాగా వినిపించింది. వెర్లీన్‌కీ నచ్చింది.

"బాగుంది," అంది. "ఇప్పుడు నా పద్ధతిలో చేద్దాం."

"బాగుందని మీరే అంటున్నారుగా."

"బాగుంది. నాది కాదు."

"ఇంకోసారి చెయ్యడానికి టైము లేదమ్మా. ఇంకా ఆరు పాటలున్నాయి."

"అయితే దీన్ని తీసెయ్. తొమ్మిదితో వెయ్యి."

"తీసెయ్యడమేంటి? ప్రకటనలో మొదటి పేరే అది. రేపటినుంచి ఏడు రాష్ట్రాల్లో వస్తుంది."

"ఆ మాట మా వంటశాలలో చెప్పావులే. నాకు గుర్తుంది."

వెర్లీన్ చెవులకి తగిలించుకున్నవి తీసి మైకు కర్రకి వేలాడదీసింది. గోడవార కుర్చీలో కూర్చుని చేతిసంచి ఒళ్ళో పెట్టుకుంది, బస్సు కోసం ఎదురుచూసే మనిషిలా. గేలన్ గాజుగది వదిలి బయటికొచ్చాడు.

"మీరు పాడనంటే అడ్వాన్సు వెనక్కివ్వాలి. కాగితంలో ఉంది."

"అది మా ఇంటి మీదుంది. బర్ల్ నిచ్చెన పట్టుకుంటాడు, వచ్చి విప్పుకుపో. మేకులు మాత్రం వదిలెయ్, అవి మా సొంత డబ్బు."

డ్రమ్ము అతను పుల్లతో మోకాలి మీద మెల్లగా కొట్టుకుంటూ నేలవైపు చూశాడు. గేలన్ హోబర్ట్ వైపు తిరిగాడు. "పెద్దాయనా, మీరైనా చెప్పండి."

"నాకు గంటకింత," అన్నాడు హోబర్ట్. "వాయించినా అంతే, మీ పోట్లాట చూసినా అంతే. చూడ్డమే నయం. వేళ్ళు నొప్పెట్టవు."

గేలన్ ఒక కుర్చీ లాక్కుని ఎదురుగా కూర్చున్నాడు. అతను చెడ్డవాడు కాదు. ఇలా ఎదురుగా కూర్చుని మాట్లాడితే పని జరుగుతుందని అనుభవం మీద తెలుసుకున్నవాడు.

"మీ అమ్మగారి జ్ఞాపకం అని నాకు తెలుసు. అట్ట మీద ఆవిడకి అంకితం అని వేయిస్తాను. సరేనా?"

"మా అమ్మకీ నాకూ తొమ్మిదేళ్ళు మాటల్లేవు. ఎందుకో కూడా మరిచిపోయాం. అంకితాలు ఏమీ వెయ్యకు."

"మరెందుకమ్మా ఈ పంతం?"

వెర్లీన్ సంచి గొళ్ళెం ఒకసారి తీసి మళ్ళీ వేసింది. "పొద్దున పాడిన మూడు పాటలూ ఎవరో రాసి ఇస్తే నేను పాడాను. బాగానే పాడాను, కాదనను. అవి నాచేత పాడించారు. ఈ ఒక్కటీ మాత్రం నేను వాళ్ళచేత వాయింపించాను. నాలుగు హిట్లలో నేను చేసింది ఇదొక్కటే. గొప్ప హిట్లు అని అచ్చేస్తున్నావు కదా. గొప్ప ఎవరిదో తెలియాలి."

గేలన్ గడియారం చూశాడు, సీలింగు చూశాడు.

"అదనపు గంట జీతాలు మీ ఖాతాలో రాస్తాను."

"రాసుకో."

"పొరపాట్లకి ఎన్నిసార్లు పట్టినా సరే, మీ ఖాతాలోనే."

"నీకు చెవుడా నాయనా? రాసుకోమన్నాగా."

పంతం నెగ్గడం ఒక ఎత్తు, పాట రావడం ఇంకో ఎత్తు. యంత్రం టక్‌టక్ ఆపించారు. మొదటిసారి డ్రమ్ము అతను చేతి అలవాటు కొద్దీ గోతిలోకి దిగిపోయాడు. రెండోసారి అతను కాసుక్కూర్చుంటే పియానో ముందుకు నడిచింది. మూడోసారి అందరూ ఊపిరి బిగబట్టి ఆగారు, అప్పుడు వెర్లీన్ తొందరపడి నాలుగో వరస ముందే ఎత్తుకుంది.

"తప్పు నాది," అంది.

హోబర్ట్ మూలనుంచి పకపకా నవ్వాడు. "ఇంతకీ ఆ గొయ్యి తవ్వింది ఎవరే పిల్లా?"

"నువ్వు నోరు మూసుకో. లెక్కపెడుతున్నాను కదా, అదే వచ్చింది తంటా. ఎన్నడైనా లెక్కపెట్టానా నేను?" వెర్లీన్ అతని దగ్గరికి వెళ్ళి చెయ్యి చాపింది. "నీ పొడి డబ్బీ ఇటివ్వు."

"నువ్వు వెయ్యవుగా."

"ఇవ్వు."

చిటికెడు తీసి తల్లి పెట్టుకున్నట్టే కింది పెదవి వెనక పెట్టుకుంది. ఒక కాగితం కప్పు తెప్పించుకుని మైకు పక్కనే ఎడం చేత్తో పట్టుకుంది. వాద్యగాళ్ళతో, కాగితాలు తిప్పి పెట్టండి, నా మొహమే చూడండి అంది. పెదవి ఉబ్బి ఉంది కాబట్టి మాట కాస్త ముద్దగా వచ్చింది.

వాకిట్లో పెట్టాను నీ బూట్లు. నోట్లో నీరూరడం మొదలైంది. వాటిలో పోశాను చన్నీళ్ళు. దవడ నిండుతోంది, కళ్ళలో నీళ్ళు. తలుపు కొట్టకు, కుక్క లేస్తుంది. వెర్లీన్ తల పక్కకి తిప్పి కప్పులోకి తుపుక్కున ఉమ్మింది. డ్రమ్ము పుల్లలు గాల్లో ఆగాయి. హోబర్ట్ కడ్డీ తీగ మీద పైనుంచి కిందికి జారింది. దానికైనా నువ్వంటే గిట్టదు, అని ఆవిడ అందుకునేసరికి నలుగురూ ఒక్క అడుగు వేసినట్టు దిగారు. ఉమ్మి ఎంతసేపు పడుతుందో పొగాకు ఊళ్ళలో పుట్టినవాడికి ఎవరూ నేర్పక్కర్లేదు. మిగతా చరణాలన్నీ అలాగే గడిచాయి.

పాటయ్యాక వెర్లీన్ మొహం పచ్చబడింది. నడవాలో చెత్తబుట్ట దగ్గర కాసేపు వంగి నిలబడి, నోరు కడుక్కుని వచ్చింది.

గాజుగదిలో గేలన్ తల పట్టుకున్నాడు. "పాట సరే. ఆ తుపుక్కుమన్న చప్పుడు తుడిచెయ్యాలి."

టేపు చూసే అతను కుదరదన్నాడు. చప్పుడూ స్టీల్ తీగ మోతా ఆవిడ మైకులోనే కలిసి పడ్డాయి, ఒకటి తీస్తే రెండోదీ పోతుంది. "ఇంకోసారి చేద్దామా అమ్మా, చప్పుడు లేకుండా?" అన్నాడు గేలన్.

"ఇంకో చిటికెడు వేస్తే శవాన్ని పట్టుకెళ్ళాలి. బర్ల్‌కి నువ్వే ఫోన్ చెయ్యాలి మరి."

రికార్డు ఆకులు రాలే రోజుల్లో బయటికి వచ్చింది. నాలుగు హిట్లు, రెండు చర్చి పాటలు, ఒక క్రిస్మస్ పాట, సగం దాకా ఎక్కి దిగినది, ఇంకా ఎవరూ ఎప్పుడూ వినని రెండు. అట్ట మీద మాత్రం అన్నీ గొప్ప హిట్లే. బడి వంటశాలలో ఆవిడ పక్కన పనిచేసే ఓపల్ ఒకటి తెప్పించుకుని, మొదటి పాట విని, మర్నాడు బంగాళాదుంపలు చెక్కు తీస్తూ అడిగింది.

"వెర్లీనూ, నీ పాటలో ఎవరో ఉమ్మినట్టు ఉందే?"

"నేనే."

"అలాగా. మా ఆయన రికార్డు మీద గీత పడిందన్నాడు. గుడ్డ పెట్టి తుడుస్తూ కూర్చున్నాడు రాత్రంతా."

అలా తుడిచినవాళ్ళు తక్కువేం కాదు. కొందరు తుడిచినా పోక, రికార్డు పాడైంది మార్చి ఇవ్వండి అని తిప్పి పంపారు. కంపెనీ కొత్తది పంపింది. అందులోనూ అదే చోట అదే గీత. ఒహాయో నుంచి ఒకావిడ మూడు మార్పించుకుంది. గేలన్ ఫోన్ చేశాడు.

"వీళ్ళకి ఏం చెప్పమంటారు?"

"ఉమ్మి అని చెప్పు."

"అలా రాయలేమమ్మా."

చివరికి అట్ట మీద చిన్న కాగితం ముక్క అంటించారు: మొదటి పాటలో వినిపించే శబ్దం గాయని స్వంతం, రికార్డు లోపం కాదు. అంతకంటే ఖచ్చితమైన వాక్యం ఆ కంపెనీ ఇంకే అట్ట మీదా వేసి ఉండదు. మరుసటి వేసవి జాతరలో వెర్లీన్ మూడో వరస పాడి మైకు దించింది. ముసలివాళ్ళు నేలని రెండు తన్నులు తన్నారు. కుర్రకారు తుపుక్, తుపుక్ అన్నారు, కొందరు ఉత్తుత్తినే, కొందరు నిజంగానే. జాతరవాళ్ళు ఆ రాత్రి చెక్కలు కడుక్కోవలసి వచ్చింది.

అదనపు గంట జీతాలూ, తిరిగొచ్చిన రికార్డుల ఖర్చూ కలిపి కంపెనీ వెర్లీన్ ఖాతాలో ఏడు వందల ముప్పై డాలర్లు రాసింది. అమ్మకాల్లో ఆవిడ వాటా నుంచి కోసుకోగా, ఆవిడ కంపెనీకి ఇంకా రెండు వందల పద్దెనిమిది డాలర్లు బాకీ ఉంది.